భీమశంకర్ గారి గ్లేసియర్ యాత్ర

డెట్రాయిట్ పక్కన ట్రాయ్‌లో ఉన్న తెలుగువాళ్లందరిలో భీమశంకర్‌కి పూర్తిగా నచ్చిన మనిషి ఒక్కడే. ఆ మనిషి రోజూ పొద్దున గడ్డం గీసుకునేటప్పుడు అద్దంలో కనిపిస్తాడు. మిగతా అందరిలోనూ ఏదో ఒక లోటు ఉండేది. ఒకడు చదివింది పేరులేని కాలేజీ. ఇంకొకడు మోటెల్ కొన్నాడు, అంటే దారినపోయేవాళ్ల దుప్పట్లు ఉతుక్కుని బతుకుతున్నాడు. మరొకడు ఇన్సూరెన్స్ అమ్ముతాడు కాబట్టి వాడి పక్కన కూర్చోవడమే ప్రమాదం. శనివారం భోజనాల్లో కొత్త మనిషి కనిపిస్తే భీమశంకర్ పేరు కంటే ముందు ఉద్యోగం అడిగేవాడు. జవాబు విని, పెదవి ఒక పక్కకి లాగి "ఓహో" అనేవాడు. ఆ ఓహో తగిలినవాళ్లు ఇంటికెళ్లి రెండు రోజులు కుమిలిపోయేవాళ్లు.

ఇంతకీ ఈయనగారు చేసేదేమిటయ్యా అంటే, కార్ల కంపెనీలకి బ్రేకులు తయారుచేసి ఇచ్చే ఫ్యాక్టరీలో టెస్టింగ్ ఇంజనీరు. ఎమ్మెస్ చదవడానికి వచ్చి, ఇరవై ఏళ్లుగా ఒక బ్రేకు ఎంత తొక్కితే ఎంత అరుగుతుందో చూస్తున్నాడు. మంచి ఉద్యోగమే, పరువైన జీతమే, కాదనడానికేం లేదు. కానీ ఆయన మాటలు వింటే డెట్రాయిట్‌లో కార్లన్నీ ఆగుతున్నది ఆయన దయవల్లనే అనిపించేది. అలాంటి మనిషికి నవ్వడం రాదని వేరే చెప్పాలా.

ఆయన గర్వానికి అసలు పెట్టుబడి కూతురు విద్య. ఆ పిల్ల ఆన్ ఆర్బర్ యూనివర్సిటీలో, మెడిసిన్‌కి మెట్టులాంటి ప్రీ-మెడ్‌లో చేరిన రోజునుంచే ఆయన నోట "మా డాక్టరమ్మాయి" అనే మాట తప్ప విద్య అన్న పేరు వినబడలేదు. అంత చక్కగా సాగిపోతుండగా, ఎనభై ఏడులో వేసవి సెలవులు మొదలవగానే, ఆ పిల్ల అలాస్కా నుంచి ఫోన్ చేసింది.

"నాన్నా, నేను సమ్మర్ అంతా ఇక్కడ బోట్ మీద వర్క్ చేస్తాను. గ్లేసియర్స్, వేల్స్ చూడటానికి టూరిస్ట్స్ వస్తారు. నేను మైక్‌లో ఎక్స్‌ప్లెయిన్ చేస్తాను. లంచ్‌లో సూప్ ఇస్తాను."

"సూప్ ఇవ్వడమేమిటి?"

"కప్స్‌లో పోసి ఇస్తాం. తరువాత డెక్ కడుగుతాం. నాన్నా, నాకు మెడిసిన్ ఇష్టం లేదు. సముద్రం యానిమల్స్ గురించి చదవాలి నాకు."

భీమశంకర్ ఫోన్ పెట్టేశాడు. హోటల్లో సర్వరు, స్టీమరు మీద పనికుర్రాడు, తన కూతురూ ఒకే వరసలో నిలబడ్డట్టు కనిపించి ఆయనకి ఆ రోజు అన్నం సయించలేదు. అంతమాత్రాన ఆయన నోరు ఊరుకుంటుందా. ఆ శనివారమే ఎవరో విద్య గురించి అడిగితే, "అలాస్కాలో రీసెర్చ్" అనేశాడు. భార్య అన్నపూర్ణ పక్కనే ఉంది. భర్త వైపు ఒకసారి చూసి, చేతిలో ఉన్న పప్పు గిన్నె పట్టుకుని అవతలి వరసకి వెళ్లిపోయింది. ఆవిడ ఇరవై రెండేళ్ల కాపురంలో చేసిన వ్యాఖ్యానాలన్నీ ఇంచుమించు ఈ తీరువే.

రీసెర్చ్ అంతటితో ఆగినా బాగుండేది. అంతకుముందు ఏడాది అరోరా ఊరి గుడి దగ్గర పరిచయమైన, ఆ పక్కనే ఉన్న నేపర్‌విల్ వాస్తవ్యులు డాక్టర్ జగదీష్, ఆయన భార్య రాధారాణి తమ పెద్దవాడికి సంబంధాలు చూస్తున్నారు. అబ్బాయి మెడిసిన్ ఆఖరి సంవత్సరం. తండ్రి గుండె డాక్టరు. భీమశంకర్ జీవితంలో ఓహో అనకుండా వదిలిపెట్టిన అతికొద్ది మందిలో జగదీష్ ఒకడు. విద్య పరికిణీ ఓణీలో, జడనిండా పూలతో దిగిన ఫొటో ఒకటి వాళ్లకి పంపాడు. పంపి ఊరుకోక, గుండె డాక్టరు కదా అని, తమ అమ్మాయి సీవర్డ్ అనే రేవు ఊళ్లో చేస్తున్నది సీల్ జంతువుల గుండె మీద పరిశోధన అని ఫోన్‌లో చెప్పాడు.

"అబ్బో. నీళ్లలో మునిగినప్పుడు సీల్ గుండె చాలా స్లో అయిపోతుందని ఎక్కడో చదివానండీ. ఎవరి ల్యాబ్?" అని జగదీష్ ముచ్చటపడ్డాడు.

"గవర్నమెంట్‌ది. వివరాలు బయటికి చెప్పకూడదు," అన్నాడు భీమశంకర్.

పదిహేను రోజుల తరవాత రాధారాణి ఫోన్ చేసి, ఆగస్టులో తాము అలాస్కా వెళ్తున్నామనీ, భీమశంకర్ దంపతులు కూడా రావాలనీ, సీవర్డ్ నుంచి ఒక్కరోజు పడవ ప్రయాణానికి నలుగురికీ టికెట్లు బుక్ చేసేశామనీ చెప్పింది. ఊరు చూసినట్టూ ఉంటుంది, అమ్మాయిని చూసినట్టూ ఉంటుంది అంది. భీమశంకర్ ఫోన్ ఈ చెవినుంచి ఆ చెవికి మార్చుకున్నాడు. అయినా "తప్పకుండా, తప్పకుండా" అన్నాడు. డాక్టర్లకి ఆయన కాదని చెప్పలేడు.

సీవర్డ్ చేరిన సాయంత్రం విద్య మోటెల్ గదికి వచ్చింది. జుట్టు మెడదాకా కత్తిరించుకుంది. ముఖం ఎండకీ గాలికీ కమిలి నల్లబడింది. కాళ్లకి మోకాళ్లదాకా రబ్బరు బూట్లు, చొక్కా మీద "వీ" అని రాసిన పేరుబిళ్ల. ఇక్కడివాళ్లు ఆ పిల్లని వీ అనే పిలుస్తారట. అన్నపూర్ణ కూతురి బుగ్గలు రెండు చేతులా పట్టుకుని చూసుకుంది. భీమశంకర్ బూట్లు చూశాడు.

"రేపు సెలవు పెట్టు. పట్టు చుడీదార్ తెచ్చింది మీ అమ్మ. అది వేసుకుని మాతోపాటు కూర్చో," అన్నాడు.

"లీవ్ ఇవ్వలేదు నాన్నా. ఇంకో అమ్మాయి క్విట్ చేసింది. కానీ మీ టికెట్స్ నా బోట్‌కే. నువ్వు వచ్చి చూడు. ఒక్కసారి చూడు నేను ఏం చేస్తానో." విద్య మంచం అంచున కూర్చుంది. "చూసిన తరువాత నువ్వు వద్దు అంటే, నేను సెప్టెంబర్‌లో ప్రీ-మెడ్‌కి వెళ్లిపోతాను. ఇంక అడగను. ప్రామిస్."

ఇరవై ఏళ్ల పిల్ల తన బతుకంతా తీసి ఒక్కరోజు కింద పందెం పెట్టింది. ఆ తండ్రికి అది చెవికెక్కిందో లేదో. ఆయన మనసులో తిరుగుతున్నది జగదీష్ దంపతులు.

"సరే, చూస్తాను. కానీ వాళ్ల ముందు నువ్వు నా కూతురివని తెలియకూడదు. ల్యాబ్ వాళ్లు నిన్ను ఏదో దీవికి పంపించారని చెప్తాను. నన్ను అందర్నీ పిలిచినట్టే సర్ అని పిలువు. తెలుగు మాట్లాడకు."

"నిన్ను సర్ అనాలా?"

"ఒక్కరోజేగా."

విద్య తల్లి వైపు చూసింది. అన్నపూర్ణ చుడీదార్ మడత విప్పి మళ్లీ మడత పెట్టింది.

"కానీ నువ్వు చూస్తావు కదా నాన్నా," అంది విద్య.

"చూస్తానన్నానుగా."

మర్నాడు పొద్దున రేవులో జగదీష్ దంపతులు కలిశారు. దీవి కథ విని రాధారాణి కొంచెం చిన్నబుచ్చుకుంది. "పోనీలెండి, ఎల్లుండి దాకా ఇక్కడే ఉంటాం కదా," అంది. భీమశంకర్ ఎల్లుండికి ఏం చెప్పాలో ఇంకా ఆలోచించలేదు. అబద్ధాలాడేవాళ్లలో కూడా ఆయన అంత గొప్ప పనివాడు కాదు.

పడవ ఎక్కేచోట నారింజరంగు వానకోటు వేసుకుని విద్య నిలబడి ఒక్కొక్కరికీ చెయ్యి అందిస్తోంది. భీమశంకర్ వంతు వచ్చినప్పుడు, "గుడ్ మార్నింగ్ సర్, అడుగు చూసుకోండి" అంది ఇంగ్లీషులో. ఆ తరవాత కడుపులో తిప్పకుండా మాత్రలు పంచుతూ వచ్చింది. జగదీష్ డాక్టరై ఉండి కూడా బుద్ధిగా ఒకటి మింగాడు. భీమశంకర్ చేత్తో తోసేశాడు.

"ఇరవై ఏళ్లు టెస్ట్ ట్రాక్ మీద సడన్ బ్రేకులు కొట్టినవాణ్ణి డాక్టర్ గారూ. మనకివన్నీ ఎందుకు," అన్నాడు. పొద్దున మోటెల్ కాఫీహోటల్లో నాలుగు పాన్‌కేక్‌లు తిని వచ్చాడు కూడాను.

పడవ కదిలాక విద్య మైకు తీసుకుంది. నీళ్లమీద వెల్లకిలా పడుకుని, పొట్టమీద గవ్వ పెట్టుకుని పగలగొట్టుకు తింటున్న నీటికుక్కల్ని చూపించింది. తీగల్లాంటి సముద్రపు నాచు ఒంటికి చుట్టుకుని, కొట్టుకుపోకుండా ఎలా నిద్రపోతాయో చెప్పింది. ఎర్రముక్కు పఫిన్ పిట్టలు కడుపునిండా చేపలు తిని, లేవలేక, నీళ్లమీద పరిగెత్తి పరిగెత్తి బోర్లాపడుతుంటే, "పెళ్లిభోజనం చేసి కారు దాకా నడుస్తున్న మా అంకుల్స్ గుర్తొస్తారు" అంది. పడవంతా నవ్వింది. రాధారాణి కళ్లనీళ్లు వచ్చేలా నవ్వింది.

"ఆ పిల్ల మనవాళ్ల పిల్లలా లేదుటండీ? ఆ కళ్లూ అవీ," అంది భీమశంకర్‌తో.

"ఎస్కిమో పిల్ల అయ్యుంటుంది. ఇలాంటి పనులకి వాళ్లే వస్తారు," అన్నాడాయన.

ఒక్కమాటలో ఆయన ఒక జాతినంతటినీ, సొంత కూతుర్నీ కలిపి తీసిపారేశాడు. రెప్ప కూడా వాల్చలేదు. అన్నపూర్ణ తల తిప్పి ఆయన్ని కాసేపు పరాయి మగాణ్ణి చూసినట్టు చూసి, లేచి వెళ్లి రెయిలింగు దగ్గర నిలబడింది.

రాళ్లమీద మచ్చల మచ్చల సీల్ జంతువులు కనబడగానే జగదీష్ ఊరుకోలేకపోయాడు. చెయ్యెత్తి, మునిగినప్పుడు వీటి గుండె సంగతేమిటని అడిగాడు. విద్య ముఖం వెలిగింది. పైన ఉన్నప్పుడు నిమిషానికి వందకు పైగా కొట్టుకునే గుండె లోతుకి వెళ్లేసరికి పదికో పదిహేనుకో దిగుతుందనీ, కాళ్లకీ తోకకీ పోయే నెత్తురు తగ్గించేసి మెదడుకీ గుండెకీ దాచుకుంటుందనీ, పిల్ల సీల్‌కి ఇది పుట్టగానే పూర్తిగా రాదనీ, కొంత కొంతగా నేర్చుకుంటుందనీ చెప్పింది. జగదీష్ మీదమీద ప్రశ్నలు వేశాడు. తెలియని దగ్గర తెలియదంది. తెలిసిన దగ్గర చేతులు తిప్పుతూ, బెంచీ మీద వేలితో బొమ్మ గీస్తూ చెప్పింది.

"ఏం పిల్లండీ. మా హాస్పిటల్ రెసిడెంట్ డాక్టర్ల కంటే క్లియర్‌గా చెప్తోంది," అన్నాడు జగదీష్ వచ్చి కూర్చుని. "ఇలాంటి పిల్ల ఏ ఇంట్లో ఉన్నా ఆ తల్లిదండ్రులు అదృష్టవంతులు."

ఇంతకంటే సులువుగా ఎవరికీ దారి దొరకదు. మా అమ్మాయేనండీ అంటే సరిపోయేది. అబద్ధమాడినందుకు కాస్త నవ్వులపాలయ్యేవాడు, అంతే. గొంతుదాకా వచ్చింది కూడా ఆ మాట. అప్పుడే విద్య ఎవరో పిల్లవాడు ఒలకబోసిన చాక్లెట్ పాలు గుడ్డతో తుడవడానికి మోకాళ్లమీద కూర్చుంది. అది చూసి భీమశంకర్ పెదవి పక్కకి లాగాడు.

"ఓహో," అన్నాడు.

అఖాతం దాటి పడవ నడిసముద్రంలోకి వచ్చేసరికి అలలు పెద్దవయ్యాయి. బ్రేకులు కొట్టినవాడి ప్రతాపం పావుగంట కూడా నిలవలేదు. ముందు చెమటలు పట్టాయి, తరవాత పాన్‌కేక్‌లు నాలుగూ వరసగా బయటికి వచ్చాయి. విద్య పరిగెత్తుకొచ్చి ఒక చేత్తో కాగితం సంచి పట్టుకుని, రెండో చేత్తో ఆయన నుదురు పట్టుకుంది. సంచి నిండితే ఇంకోటి మార్చింది. తడిగుడ్డతో మూతి తుడిచింది, మెడ తుడిచింది. "దూరంగా నీళ్ల అంచు వైపు చూడండి సర్. కాసేపట్లో తగ్గిపోతుంది," అంది.

భీమశంకర్ తలెత్తకుండానే, పళ్లమధ్యనుంచి తెలుగులో, "వెళ్లు. వాళ్లు చూస్తున్నారు," అన్నాడు.

విద్య వెళ్లలేదు. షర్టు మీద పడ్డది కూడా తుడిచి, ఆయన్ని లోపలికి నడిపించుకెళ్లి బెంచీ మీద పడుకోబెట్టి, తన వానకోటు తీసి మీద కప్పింది. ఆయన టోపీ ముఖంమీదకి లాక్కున్నాడు.

ఎంతసేపటికో ఊపు తగ్గింది. ఇంజను శబ్దం ఆగింది. జనం అందరూ బయటికి వెళ్లిపోయిన అలికిడి. ఎవరో భుజం తట్టారు. టోపీ తీసి చూస్తే విద్య, వంగి, గుసగుసగా మాట్లాడుతోంది. ఇప్పుడు సర్ లేదు.

"నాన్నా, గ్లేసియర్ దగ్గరికి వచ్చాం. ఇక్కడ వాటర్ అస్సలు కదలదు. లోపల ఎవరూ లేరు, నేను హెల్ప్ చేస్తాను. ఫైవ్ మినిట్స్ వచ్చి నిలబడు. ఇప్పుడు నేను మాట్లాడేది నేనే రాసుకున్నాను."

ఆయనకి అప్పటికి తిప్పడం చాలావరకు తగ్గింది. లేవాలంటే లేవగలడు. కానీ బయట జగదీష్ ఉన్నాడు. మరక షర్టుతో, ఈ పిల్ల చెయ్యి పట్టుకుని ఆయన ముందుకు వెళ్లడమా?

"మంచేగా," అన్నాడు. "ట్రాయ్‌లో డ్రైవ్‌వే మీద చలికాలమంతా పారతో తోసేది అదే. నువ్వెళ్లి నీ సూప్ పోసుకో."

విద్య నిటారుగా నిలబడి, వానకోటు ఆయన మీదనుంచి తీసి తను వేసుకుని బయటికి వెళ్లింది.

లోపలి స్పీకర్‌లోంచి ఆమె గొంతు వినబడింది. ఈ మంచు కురిసిన రోజుల్లో మనం ఎవ్వరం లేము, అంటోంది. పైన పడ్డ మంచు బరువుకి కింది మంచు నలిగి నలిగి అందులో గాలి లేకుండా పోయింది, అందుకే దానికి ఆ నీలం రంగు. ఇప్పుడు అందరూ ఒక్క నిమిషం మాట్లాడకుండా వినండి. పడవ మీద ఒక్క చప్పుడు లేదు. అప్పుడు కొండ విరిగినట్టు పెద్ద శబ్దం వచ్చి, జనమంతా ఒక్కసారి ఊపిరి బిగబట్టిన సవ్వడీ, ఆ తరవాత చప్పట్లూ వినిపించాయి. గ్లేసియర్ ముక్క విరిగి నీళ్లలో పడ్డ అలకి పడవ మెల్లగా పైకి లేచి కిందికి దిగింది. మూడువేల మైళ్లు వచ్చిన భీమశంకర్ పైకప్పు మేకులు చూస్తూ పడుకున్నాడు.

అన్నపూర్ణ లోపలికి వచ్చినప్పుడు ఆవిడ ముఖం తడిగా ఉంది.

"ఏమైంది?" అన్నాడు.

"మీకెందుకు. పడుకోండి," అంది. ఈ ఇరవై రెండేళ్లలో ఆవిడ ఆయనతో అలా మాట్లాడటం అదే మొదలు. ఆయన అది కూడా కడుపులో తిప్పడం మీదికి తోసేసి కళ్లు మూసుకున్నాడు.

తిరుగు ప్రయాణంలో రేవు దగ్గరపడేకొద్దీ ఆయనకి ప్రాణం లేచివచ్చింది. బాత్రూములో తల దువ్వుకుని, కోటు గుండీలు పెట్టుకుని మరక కప్పేసుకుని, జగదీష్ పక్కన కూర్చుని పడవ ఇంజనులో లోపాలు వివరించడం మొదలుపెట్టాడు. గ్లేసియర్ ఎలా ఉందని అడిగాడు కానీ జవాబు వినలేదు. ఈ రోజు ఏ గొడవా లేకుండా గట్టెక్కినట్టే అనుకున్నాడు. సెప్టెంబర్‌లో కూతురు ప్రీ-మెడ్‌కి వెళ్లిపోతుంది. మాటిచ్చింది కూడా. చూశాను, నచ్చలేదు అంటే చాలు.

దిగేచోట మెట్ల పక్కన విద్య నిలబడింది, పొద్దున్నలాగే ఒక్కొక్కరికీ చెయ్యి అందిస్తూ. ఆ దేశపు ఆచారం ప్రకారం దిగేవాళ్లు తోచింది చేతిలో పెట్టి దిగుతున్నారు. జగదీష్ ఒక నోటు ఇచ్చి, ఆ పిల్ల చెయ్యి గట్టిగా ఊపి, వెనక్కి తిరిగాడు.

"భీమశంకర్ గారూ, మీరు కాస్త ఎక్కువే ఇవ్వాలి. కన్నకూతురైనా అంత సేవ చెయ్యదండీ," అన్నాడు నవ్వుతూ.

భీమశంకర్ వెనకాల అన్నపూర్ణ, ఆవిడ వెనక రాధారాణి. ఇవ్వకపోతే బాగుండదు. పర్సు తీశాడు. ఒక నోటు తీసి నాలుగు మడతలు పెట్టి, ముఖం చూడకుండా కూతురి అరచేతిలో పెట్టాడు.

విద్య ఆ చేతి వైపు చూసుకుంది. ఆ వేళ్లకి ఇంకా సూప్ వాసన, తడిగుడ్డ వాసన ఉన్నాయి. నోటు తీసి పక్కనున్న సీసాలో, అందరి నోట్లతోపాటు వేసింది.

"థాంక్యూ సర్," అంది.

ఆయన దిగి జగదీష్ పక్కన నిలబడ్డాడు. అన్నపూర్ణ మాత్రం దిగలేదు. విద్య చెయ్యి పట్టుకుని, పక్కకి తిరిగి, అందరికీ వినబడేంత మామూలు గొంతుతో అంది.

"రాధారాణి గారూ, ఇది మా అమ్మాయి విద్య. మీకు పంపిన ఫొటోలో పిల్ల. ల్యాబూ లేదు, దీవీ లేదు. వేసవంతా ఈ పడవ మీదే పని చేస్తోంది. డాక్టరీ చదవనంటోంది."

రాధారాణి నోరు తెరిచి, విద్యనీ, కింద రేవు మీద నిలబడ్డ భీమశంకర్‌నీ మార్చి మార్చి చూసింది. జగదీష్ ముఖంలో నవ్వు పోయింది. కొంచెం పక్కకి జరిగి నిలబడ్డాడు. భీమశంకర్ చెప్పడానికి ఏదో వెతుక్కుంటున్నాడు. భార్యకి ఒంట్లో బాలేదని చెప్పాలా, ఇదంతా సరదాకని చెప్పాలా అని.

"అయ్యో తల్లీ, పొద్దుట్నుంచీ ఒక్కమాట చెప్పలేదేమమ్మా?" అంది రాధారాణి విద్య భుజం పట్టుకుని. "మీ నాన్నగారు పక్కనే ఉన్నారు కదా. ఈయనే మా నాన్న అని మాకు చూపించొద్దూ?"

విద్య రేవు వైపు చూసింది. తొందరేమీ లేకుండా, ఎవరో టూరిస్టు అడిగిన ప్రశ్నకి జవాబు చెప్పినట్టే చెప్పింది.

"మా నాన్న రాలేదు, ఆంటీ."

చెప్పి, మెట్టు దిగడానికి ఆవిడకి చెయ్యి అందించింది.